అవ్వ సావు మీద తెచ్చిన స్టే

హుస్నాబాద్ బస్టాండు నుంచి అంగడికి పోయే రోడ్డులో నీలం షట్టరున్న చిన్న దుకాణం మల్గి ఒకటుంది. అది ఐలవ్వది. ఆమెదేనని రిజిస్ట్రేషన్ కాగితం అంటుంది, కింది కోర్టు అంది, పై కోర్టూ అంది. ఆ రోడ్డున పోయే ఎవరినడిగినా అదే మాట అంటారు. అయినా ఏళ్ల తరబడి ఐలవ్వ ఆ మల్గికి ఎదురుగా, రోడ్డుకు ఇవతలి పక్కన, నాలుగు కర్రలు పాతి కట్టిన టార్పాలిన్ కింద నిలబడి మిర్చి వేసి అమ్ముకుంది. ఎండ నెత్తి మీద కొట్టేది, వాన పొయ్యి మీద కొట్టేది. తలెత్తితే చాలు, తన షట్టరూ, దానికి సొంత అన్న వేసిన తాళమూ కనబడేవి. కడుపు మండడానికి మనిషికి ఇంతకంటే ఏం కావాలి?

ఐలవ్వ గొప్ప మనిషేం కాదు. హుస్నాబాద్ పక్క పల్లెలో రాజలింగం, దేవవ్వల నడిమి సంతానం. పైన అన్న హనుమండ్లు, కింద తమ్ముడు లక్ష్మణ్. తల్లి నాట్లకూ కలుపులకూ పోతే లక్ష్మణ్‌ను చంకనేసుకుని పెంచింది ఆమే. వాడు బడికి పోనని మొండికేస్తే వీపు మీద మోసుకుపోయి మరీ దింపి వచ్చేది. పెళ్లయి కోహెడ వైపు కాపురానికి పోయింది. మొగుడు లారీ మీద పనిచేసేవాడు, పెద్దపల్లి దగ్గర యాక్సిడెంట్‌లో పోయాడు. పిల్లలు లేరు. అత్తగారింట్లో ఆమెను ఏం చేయాలో తెలియక అందరూ మొహాలు చూసుకుంటుంటే, రాజలింగం తానే వెళ్లి, "నా బిడ్డ నాకు బరువు గాదు" అని బస్సెక్కించి తీసుకొచ్చాడు.

రాజలింగానికి హుస్నాబాద్‌లో చిన్న చాయ్ హోటల్ ఉండేది. ఐలవ్వ వచ్చాక అందులో మిర్చి మొదలైంది. మిరపకాయ చీరి వాము, చింతపండు పెట్టి, శనగపిండి జారుగా కలిపి ఆమె వేస్తే, కరీంనగర్ బస్సు కోసం నిలబడ్డవాళ్లు బస్సు పోయినా సరేనని ఇంకో ప్లేటు అడిగేవాళ్లు. తండ్రి చాయ్ పోసేవాడు, బిడ్డ మిర్చి వేసేది. అట్లా ఇద్దరూ చెమటోడ్చిన సొమ్ముతోనే రోడ్డు మీద జాగా కొని మల్గి కట్టారు. కొడుకులిద్దరికీ పొలాలు రాసిచ్చిన రోజే, రాజలింగం ఆ మల్గిని బిడ్డ పేరు మీద రిజిస్ట్రీ చేయించాడు. సాక్షి సంతకం ఎవరు పెట్టారనుకున్నారు? హనుమండ్లే. సంతకం పెట్టి, ఆ సాయంత్రం తండ్రి ఇచ్చిన దావత్‌లో కూర్చుని మటన్ రెండోసారి వడ్డించుకుని తిన్నాడు.

రాజలింగం పోయినప్పుడు హనుమండ్లు చెల్లెలి దగ్గరికి వచ్చాడు. ఎంత మెత్తగా మాట్లాడాడో.

"చెల్లె, మైల తీరేదాక మల్గి మూసి పెడ్దాం. సావు జరిగినోళ్లం పొయ్యి ముట్టిచ్చి అమ్ముకుంటే నలుగురేమనుకుంటరు? తాళం నా తాన ఉండనియ్యి."

అన్న చెప్పింది పద్ధతే కదా అని ఐలవ్వ తాళంచెవి చేతిలో పెట్టింది. పెద్ద దినం అయింది, ఇల్లు శుద్ధయింది, చుట్టాలంతా పోయారు. తాళంచెవి అడిగితే హనుమండ్లు మంచం మీద నుంచి లేవను కూడా లేదు.

"బాపు సొమ్ము కొడుకులకొస్తది గని ఆడివిల్లకెట్లొస్తదే?" అన్నాడు.

"నువ్వే గదనే సాక్షి సంతకం పెట్టింది!"

"బాపు పెట్టుమన్నడు, పెట్టిన. గదేమన్న నా మనసుల మాటనా?"

కులపెద్దలు చెప్పారు, వినలేదు. ఐలవ్వ కోర్టుకు పోయింది. ఆ రోజు నుంచే హనుమండ్లు ఆమెను ఇంటి గడప తొక్కనివ్వలేదు. తల్లి దేవవ్వ అతని దగ్గరే ఉండేది. కన్నతల్లిని చూడాలంటే ఐలవ్వ అన్న పొలానికి పోయే వేళ కనిపెట్టి, గోడ అవతల నిలబడి పిలవాల్సి వచ్చేది. తర్వాత దేవవ్వ మంచాన పడి గోడ దాకా రాలేకపోయింది, ఆ చూపూ లేకుండా పోయింది.

కేసు గెలిచింది ఐలవ్వ. అందులో గెలవడానికి పెద్ద కష్టం లేదు, కాగితం అంత తేటగా ఉంది. హనుమండ్లు పై కోర్టుకు పోయాడు, అక్కడా ఓడాడు. ఆమె తరఫు వకీలు ఫిర్దోస్, కరీంనగర్ అమ్మాయి. కేసు మొదలైనప్పుడు సీనియర్ వెనక ఫైళ్లు పట్టుకుని తిరిగేది, ఇప్పుడు సొంతంగా చేస్తోంది. ఆ రోజు ఫిర్దోస్ మిఠాయి పంచి, "ఐలవ్వా, ఇగ ఫికర్ చెయ్యకు. కోర్టు అమీన్ వస్తడు, తాళం తీపిస్తడు, మల్గి నీ చేతికిస్తడు. అంతే" అంది.

అంతే అయితే ఈ కథ ఎందుకు?

అమీన్ రావాల్సిన రోజు ముందర హనుమండ్లు పెళ్లాం శంకరవ్వ పేరుతో కొత్త పిటిషన్ పడింది. ఆ మల్గి తన పుస్తెలమ్మి కట్టించిందట, దాని మీద ఎవరికీ హక్కు లేదట, అమాయకురాలైన తనను వీధిన పడేయొద్దట. మొగుడు రెండు కోర్టుల్లో ఓడిపోయిన సంగతి అందులో ఒక్క ముక్క లేదు. కోర్టు విచారించేదాకా ఆగమంది. ఆ విచారణ సాగి సాగి పిటిషన్ కొట్టేసేసరికి ఐలవ్వ నెత్తి సగం తెల్లబడింది. మళ్లీ అమీన్ తేదీ పడింది. ఈసారి శంకరవ్వ తమ్ముడు కొండల్ వేరే కోర్టులో ఇంకో పిటిషన్ వేశాడు. తాను ఆ మల్గిలో కిరాయికి ఉండి వ్యాపారం చేసుకుంటున్నాడట. ఆ షట్టర్ వెనక అతను అగ్గిపెట్టె అమ్మింది చూసినవాడు హుస్నాబాద్‌లో ఒక్కడు లేడు. అదీ కొట్టేశారు. తర్వాత హనుమండ్లే మళ్లీ వచ్చాడు, హద్దులు తప్పుగా రాశారని. ఆ హద్దులు రాసిన కాగితం మీద తానే సాక్షి సంతకం పెట్టినవాడు!

ప్రతి పిటిషన్‌లోనూ చివర్న ఒకే మాట ఉండేది. ఈ ఆస్తి గురించి ఇంతకు మునుపు ఏ కోర్టులోనూ ఏ కేసూ లేదని, దేవుని ఎదుట ప్రమాణం చేసి చెబుతున్నానని. దేవుడి సంగతి దేవుడికి తెలుసు గానీ, ఆ మాట రాసేవాడి చెయ్యి ఒక్కసారైనా వణకదా అని ఐలవ్వకు అర్థమయ్యేది కాదు. దొంగ ఇంట్లో దూరితే అరవొచ్చు, నలుగురొస్తారు. వీళ్లు కోర్టు తలుపు తట్టి, దండం పెట్టి, కోర్టు చేతనే తనను దోచుకుంటుంటే ఎవరిని పిలవాలి?

"ఒక కోర్టుల కొట్టేస్తే ఇంకో కోర్టుల, ఒక పేరు అయిపోతే ఇంకో పేరు" అనేది ఫిర్దోస్ పళ్లు కొరుకుతూ. "గీళ్లకు పేర్లు తక్వ వడాలె గని పిటిషన్లు తక్వ వడయి."

ఇంతలో మున్సిపాలిటీ వాళ్లు వచ్చి రోడ్డు పక్కన ఎర్ర గీతలు గీసి పోయారు. మురికినీళ్లు పోయే మోరీ కడతారట. బతుకమ్మ పండుగ పోగానే బండ్లూ డేరాలూ అన్నీ తీసేయాలట. మల్గి ఉన్నవాడు మల్గిలోకి పోతాడు, లేనివాడు ఇంటికి పోతాడు. ఐలవ్వకు మల్గి ఉండీ లేదు, ఇల్లు కిరాయిది. ఈసారి అమీన్ వచ్చి తాళం తీయించకపోతే పొయ్యి పెట్టుకునేందుకు ఆమెకు జానెడు జాగా ఉండదు. ఈ వయసులో ఎవరి హోటల్లోనో గిన్నెలు తోమాలి.

ఫిర్దోస్ కాలికి బలపం కట్టుకుని తిరిగి, పండుగకు ముందే ఒక శుక్రవారం నాటికి అమీన్ తేదీ వేయించింది. "ఇగ పేర్లన్నీ అయిపోయినయి ఐలవ్వా" అంది. ఇంకా ఒక పేరు ఉందని ఇద్దరికీ తట్టలేదు.

బుధవారం పొద్దున్నే దేవవ్వ పోయింది.

కబురు చెప్పింది టెంట్‌హౌస్ అబ్బాస్. హనుమండ్లు డేరాకూ కుర్చీలకూ మైకుకూ అతనికి ఫోన్ చేశాడు గానీ చెల్లెలికి చేయలేదు. అబ్బాస్ తన ఆటో ట్రాలీ ఐలవ్వ పొయ్యి దగ్గర ఆపి, "అక్కా, పొయ్యి ఆర్పు. అవ్వ పోయింది, నా బండ్లనే రా" అన్నాడు. ఆమె కుర్చీల మధ్య కూర్చుని తల్లి శవం దగ్గరికి పోయింది. పది మంది ముందర హనుమండ్లు అడ్డం చెప్పలేకపోయాడు. అన్ని ఏళ్ల తర్వాత ఆ గడప తొక్కి, తల్లికి స్నానం చేయించి, పసుపు రాసి, కొత్త చీర కట్టింది.

లక్ష్మణ్ దుబాయిలో ఉన్నాడు. కంపెనీ సెలవివ్వలేదు. మా వైపు ఊళ్లలో ఇది ఇప్పుడు మామూలైపోయింది. ఎవరి ఇంట్లో ఎవరు పోయినా ఒకరు ఫోను పట్టుకుని నిలబడతారు, గల్ఫ్‌లో ఉన్న కొడుకు అందులోంచే కడసారి చూపు చూస్తాడు. హనుమండ్లుకు అది కూడా ఘనంగా జరగాలి. తమ్ముడి ఏడుపు ఊరందరికీ వినబడాలని అబ్బాస్ చేత ఫోను మైకుకు కలిపించాడు. శంకరవ్వ ఫోను పట్టుకుంటే లక్ష్మణ్ గొంతు మైకులోంచి వచ్చింది.

"వదినె, ఫోను అక్కకియ్యి. అక్క సూపెడితెనే నాకు మంచిగ కనవడ్తది."

ఐలవ్వ అందుకుంది. ఫోనులో లక్ష్మణ్ పసుపు పచ్చ జాకెట్‌లో, తలకు టోపీ తీయకుండానే, పని దగ్గర్నుంచి అట్లాగే వచ్చినట్టున్నాడు. వెనక ఇనుప మంచాలు, భుజాలు పట్టుకుని ఇంకెవరో. "అక్కా, జర దగ్గర పెట్టు... అవ్వ మొఖం... అక్కా, కాళ్లు సూపెట్టు, మొక్కుకుంట" అన్నాడు. ఆమె వంగి తల్లి కాళ్ల దగ్గర ఫోను పెట్టింది. అవతల వాడు ఆ ఫోనుకే నొసలు ఆనించి ఏడ్చాడు. ఊరంతా విన్నది, ఊరంతా ఏడ్చింది. కేసూ కోపమూ అన్నీ మరిచి ఐలవ్వ, "ఊకో తమ్మీ, ఊకో బిడ్డా" అంటూనే ఉంది. ఏడుస్తూనే లక్ష్మణ్ అన్నకు నిప్పు పెట్టమని చెప్పాడు. తల్లికి చిన్నకొడుకు పెట్టాలి గానీ వాడు లేడు కాబట్టి, కుండ పట్టుకుని ముందు నడిచింది, నిప్పు పెట్టింది హనుమండ్లే.

శుక్రవారం ఐలవ్వ తన షట్టర్ ముందు నిలబడింది. మైలలో ఉన్నానని పూలూ పసుపూ తేలేదు, ఉత్త చేతులతోనే వచ్చింది. అమీన్ వచ్చాడు. చేతిలో గొడ్డలి లేదు, సుత్తె లేదు, ఒక కాగితం ఉంది.

"స్టే వచ్చిందమ్మా. నిన్ననే ఏసిండ్రట" అన్నాడు పాపం ఆయన కూడా తల దించుకుని.

మధ్యాహ్నం ఫిర్దోస్ ఆఫీసులో ఆ పిటిషన్ చదివి వినిపించింది. వేసింది లక్ష్మణ్ పేరు మీద. దేవవ్వ పోయే ముందు ఆ మల్గిని తన చిన్నకొడుక్కి నోటిమాటగా ఇచ్చిందట. తల్లి కబురు విని తాను దుబాయి నుంచి పరుగున వచ్చాడట. బుధవారం నాడు స్వహస్తాలతో తల్లి చితికి నిప్పు పెట్టి, మైలలో ఉండి, కన్నీళ్లతో కోర్టును వేడుకుంటున్నాడట. ఇంతకు మునుపు ఏ కోర్టులోనూ ఏ కేసూ లేదట. తల్లి చితి ఇంకా ఆరలేదంటే ఏ జడ్జి మాత్రం నాలుగు రోజులు ఆగమనడు?

"మల్ల సదువు బిడ్డా" అంది ఐలవ్వ.

ఫిర్దోస్ మళ్లీ చదివింది. స్వహస్తాలతో నిప్పు పెట్టి.

ఐలవ్వ లేచి నిలబడింది. "బాపు సావుతోటి తాళం ఏసిండు. అవ్వ సావుతోటి స్టే తెచ్చిండు. శవం ఇంట్ల ఉండంగనే గీ కాగితం రాపిచ్చిండ్రా మేడం? నేను గక్కడ అవ్వ కాళ్లు సూపెడుతుంటే గీల్లు గీ రాత రాసుకుంటుండ్రా? థూ! మనుషులేనా గీల్లు?" ఆమె అరుపుకు పక్క ఆఫీసు గుమాస్తా కూడా వచ్చి గుమ్మంలో నిలబడ్డాడు.

ఫిర్దోస్ అరవలేదు. ఊరంతా చూసిన అబద్ధం ఒకటి చేతికి చిక్కిందని ఆమె కళ్లు మెరిశాయి. "ఐలవ్వా, సంతకం లక్ష్మణ్‌దేనా?" అని అడిగింది.

సంతకం వాడిదే. ఆ సాయంత్రం ఐలవ్వ ఫోన్ చేస్తే లక్ష్మణే ఒప్పుకున్నాడు. దుబాయి పోయేవాళ్లు చాలామంది చేసే పనే చేశాడు వాడు. పొలం పనులకూ బ్యాంకు పనులకూ అక్కరపడతాయని, తెల్లకాగితాల కట్ట మీద సంతకాలు పెట్టి అన్నకిచ్చి విమానం ఎక్కాడు. పైన ఏం రాసుకుంటాడో అన్న ఇష్టం.

"అయితె కోర్టుకు గదే చెప్పు" అంది ఐలవ్వ.

"నాకు లొల్లి అయితదక్కా. కేసు పడితె మల్ల దుబాయి రానియ్యరు. అప్పున్నది. నువ్వు గూడ చెప్పకు అక్కా, నీ కాళ్లు మొక్కుత. ఇంకో వాయిద వస్తది తియ్యి, నీదె గద గెలుపు."

నీదె గద గెలుపు! ఇన్నేళ్లుగా అందరూ చెప్పే మాట అదే. గెలుపు నీదే, ఆగు. ఆగితే టార్పాలిన్ పోతుంది, పొయ్యి పోతుంది. చెబితే వీపు మీద మోసిన తమ్ముడు దొంగ ప్రమాణం కేసులో ఇరుక్కుంటాడు. హనుమండ్లు ఎంత తెలివిగా అల్లాడో చూడండి. తన పేరు పెట్టలేదు, ఆమె మీద కత్తి కట్టని ఒకే ఒక్కడి పేరు పెట్టాడు.

సాక్ష్యం కోసం ఆమె ఊరంతా తిరిగింది. మైకులో ఏడుపు విన్నవాళ్లు, ఏడ్చినవాళ్లు, ముక్కు చీదినవాళ్లు, అందరూ మొహం చాటేశారు. "మేం సూసినం అవ్వా, గని కోర్టుల మాకేం పని?" "హనుమండ్లుతోటి పొలం గెట్టు పంచాయితీ ఉన్నది, ఇప్పుడు నాకెందుకు?" అని ఒక్కొక్కరిదీ ఒక్కో సాకు. యాదవ్వ అనే ముసలమ్మ అయితే, "అన్నదమ్ముల పరువు తీస్తవా ఆడిదానివయి?" అని ఎదురు తిట్టింది. వాళ్ల పరువు మల్గి తాళం కింద ఇన్నేళ్లు భద్రంగానే ఉందని ఐలవ్వ ఆమెకు గట్టిగానే చెప్పి వచ్చింది. అబ్బాస్ ఒక్కడే ఒప్పుకున్నాడు. "ఫోను మైకుకు కలిపింది నేనే గద అక్కా. అల్లా మెచ్చడు అబద్ధం చెప్తె. వస్త" అన్నాడు.

వాయిదా రోజు హనుమండ్లు నెత్తికి రుమాలు చుట్టుకుని వచ్చాడు. కోర్టు హాల్లో బంట్రోతు, "రుమాలు తియ్యి" అని గద్దించాడు. తీస్తే, దినాల్లో గొరిగించుకున్న గుండు నున్నగా బయటపడింది. అతని వకీలు లేచి, పిటిషనర్ లక్ష్మణ్ కర్మకాండ ముగించుకుని ఉద్యోగం కోసం తిరిగి దుబాయి వెళ్లాడని, కాబట్టి ఇంకో తేదీ కావాలని అడిగాడు. ఫిర్దోస్ మెల్లగా లేచి, ఆ మనిషి అసలు రానే లేదని చెబుతూ, పాత పిటిషన్లన్నీ ఒకదాని మీద ఒకటి జడ్జి బల్ల మీద పెట్టించింది. జడ్జి ఒక్కొక్కటీ తిప్పుతుంటే ఆయన ముఖం రంగు మారింది.

ఐలవ్వ బోనెక్కింది. ఎక్కేదాకా ఏం చెప్పాలో ఆమెకు నిజంగా తెలియదు. నిజమే చెబుతానని ప్రమాణం చేయిస్తుంటే, అవే మాటలు కాగితం మీద ఎన్నిసార్లు రాసి తొక్కారో గుర్తొచ్చి ఒళ్లంతా వేడెక్కింది. అన్ని అబద్ధాల తర్వాత తాను కూడా నోరు మూసుకుంటే, ఆ ప్రమాణానికి ఇక విలువేముంది?

హనుమండ్లు వకీలు అడిగాడు. "మల్గి మీద ఆశతోటి సొంత తమ్ముడి మీద చెప్తున్నవ్, అంతేనా?"

"ఆశ ఎందుకుండదు సారూ? నాది గది. నాదాని మీద నాకు లేకుంటె ఇంకెవలకుంటది?"

"నీ తమ్ముడు ఆ రోజు దుబాయిలో ఉన్నట్టు నువ్వు చూశావా?"

"సూసిన. ఫోను నా చేతులనే ఉండె. అవ్వ కాళ్లు సూపెట్టుమంటె సూపెట్టిన. గాడు ఫోనుకే మొక్కిండు సారూ. దండం పెట్టెతందుకు ఆనికి కాళ్లు గూడ అందలే. గసొంటి పోరని పేరు మీద నిప్పు పెట్టిండని రాసిండ్రు. రాసినోనికి చెయ్యెట్లొచ్చింది?"

జడ్జి పెన్ను కింద పెట్టి హనుమండ్లును ముందుకు రమ్మన్నాడు. "మీ అమ్మకు నిప్పు పెట్టింది ఎవరు?" అని అడిగాడు, అంతే. అతని వకీలు కళ్లతో ఏదో సైగ చేశాడు. వెనక బెంచీల మీద ఊరివాళ్లు ఉన్నారు. సాక్ష్యానికి రానివాళ్లు చూడ్డానికి మాత్రం వచ్చారు. కాగితం మీద ఎన్ని అబద్ధాలైనా రాయించగలిగినవాడు, కన్నతల్లికి నేను నిప్పు పెట్టలేదని పది మందిలో నోటితో అనలేకపోయాడు. గుండు తడుముకుంటూ, "నేనే సారూ. నేనే పెట్టిన" అన్నాడు. అనేటప్పుడు కొంచెం ఛాతీ కూడా విరుచుకున్నాడు. అతని వకీలు కూలబడ్డాడు.

ఆర్డర్ వచ్చింది. పిటిషన్ కొట్టేశారు. ఈ కుటుంబం తరఫున ఎవరు ఏ పిటిషన్ వేసినా ముందు పాతవన్నీ చెప్పాలన్నారు. దొంగ ప్రమాణం మీద కేసు పెట్టమన్నారు, రాయించినవాడి మీదా, సంతకం ఉన్నవాడి మీదా. అమీన్ వెంట పోలీసులు పోవాలన్నారు. బతుకమ్మ పండుగ ఇంకా రెండు రోజులుందనగా అమీన్ సుత్తెతో తాళం పగలగొట్టాడు. షట్టర్ తుప్పు పట్టి లేవకపోతే అబ్బాస్ గడ్డపారతో లేపాడు. లోపల ఎలుకల కంపు, బూజు, చెదలు తిన్న బెంచీలు.

రోడ్డు మీద జనం పోగయ్యారు. "న్యాయం గెలిచింది అక్కా, మిర్చి తినిపియ్యి" అన్నాడు ఒకడు నవ్వుతూ. సాక్ష్యానికి పిలిస్తే పొలం గెట్టు సంగతి చెప్పినవాడే వాడు. ఐలవ్వ చీపురు పట్టుకుని అట్లాగే నిలబడింది.

"ఎక్కడ గెలిచిందిరా? నడుము వంగినంక నా మల్గి నాకిస్తె గది గెలుసుడా? గీ షట్టర్ కాడ నేను ఎండల నిలవడ్డ ఏండ్లు ఎవలిస్తరు, నువ్విస్తవా? నోర్లున్నోళ్లందరు మూసుకొని కూసుంటిరి. పో, నీకు మిర్చి లేదు గిర్చి లేదు!"

వాడు మెల్లగా జారుకున్నాడు. ఫిర్దోస్ నవ్వాపుకోలేక ముఖం అటు తిప్పుకుంది.

సాయంత్రం మల్గి కడిగి, పొయ్యి ఇవతల నుంచి అవతలికి మార్చుకున్నాక ఫోను మోగింది. లక్ష్మణ్. సంగతి వాడికి తెలిసిపోయింది.

"నా పేరు చెప్పినవా అక్కా?"

"నీ పేరు నేను చెప్పలే. మీ అన్న కాగితంల రాసిండు. నేను నిజం చెప్పిన."

"నన్ను జైల్ల పెడ్తరా?"

"వచ్చి జడ్జి సారు ముంగట నిలవడు. కాగితాలు ఎట్లిచ్చినవో చెప్పు. నిజం చెప్తె నీ పక్కన నేనుంట, మేడం ఉంటది. మల్ల అన్న ఎన్క దాసుకుంటె గప్పుడు నాతోటి మాట్లాడకు."

వాడు దానికి ఔననకుండా, చిన్నప్పుడు బడి దగ్గర దింపి పోతుంటే పిలిచినట్టు, "అక్కా" అన్నాడు.

"ఏందిరా?"

"అవ్వ పోయేటప్పుడు... నా గురించి ఏమన్న అన్నదా?"

ఐలవ్వ షట్టర్ పట్టుకుని మెట్టు మీద కూర్చుంది.

"నాకేం తెలుసురా? కేసు పడ్డ కాడికెల్లి నన్ను గడప తొక్కనియ్యలే. నువ్వు ఫోను చేసినప్పుడు అవ్వ నా గురించి ఏమన్న అన్నదేమోనని నేనే నిన్ను అడుగుదామనుకున్న."